'సీడెడ్' – 'దత్త' : ఒక విశేషణమును గూర్చిన అర్థవిచారము

కర్నూలు, కడప జిల్లాల చరిత్రను, సాహిత్యమును విషయముగ గ్రహించి వ్రాయబడు వ్యాసములలోను, సిద్ధాంత గ్రంథములలోను 'దత్తమండలములు' అను పదము తరచుగ కనబడుచుండును. కొందరు దానిని రాయలసీమకు పర్యాయపదముగ వాడుదురు. కొందరు 1800వ సంవత్సరమునకు పూర్వపు సంగతులు చెప్పునపుడు సైతము ఆ పదమునే వాడుదురు. మరికొందరు అందలి 'దత్త' శబ్దమును పట్టుకొని, ఈ ప్రాంతమును నిజాము ఆంగ్లేయులకు దానము చేసెనని తీర్మానింతురు. ఈ మూడు వాడుకలును పరిశీలనకు నిలువజాలవు. మూడింటికిని మూలము ఒక్క ఆంగ్ల విశేషణము. అది 'సీడెడ్' అను మాట. ఆ మాటకు గల వేర్వేరు అర్థములను, ప్రయోగములను విడదీసి చూపి, దానికి మనవారు చేసిన తెలుగు ఎంతవరకు సరిపోయినదో విచారించుట ఈ వ్యాసమున మా ఉద్దేశము.

'సీడ్' అను ఆంగ్ల క్రియకు లాటిన్ భాషలోని ధాతువు మూలము. ఆ ధాతువునకు పోవుట, తొలగుట, ఎదుటివానికి చోటిచ్చి వెనుకకు జరుగుట అని అర్థములు. 'ప్రొసీడ్', 'రిసీడ్', 'కన్సీడ్' అను మాటలందును ఆ ధాతువే కలదు. కావున 'సీడ్' చేయుట యనగా, ఆ మాట పుట్టుకనుబట్టి చూచినచో, ఇచ్చుట కంటె వదలుకొనుటకు దగ్గరగనున్నది. ఇచ్చువాని చేయి చాపబడుట కాదు, వాని కాలు వెనుకకు పడుట ఇందు ప్రధానము. రాజ్యముల నడుమ జరుగు ఒడంబడికలలో ఈ క్రియ పారిభాషికమైనది. ఒక ప్రభుత్వము తన ఏలుబడిలోని భూభాగముపై గల సర్వాధికారమును ఒడంబడిక మూలముగ మరియొక ప్రభుత్వమునకు వదలివేయుట దాని అర్థము. అట్లు వదలబడిన భూభాగము 'సీడెడ్' భూభాగము.

పారిభాషిక పదము యొక్క విలువ దాని పక్కనున్న పదములతో పోల్చి చూచినగాని తెలియదు. ఈస్టిండియా కంపెనీవారి కాగితములలో 'సీడెడ్' అను విశేషణమునకు ఇరువైపుల రెండు విశేషణములు నిలిచియున్నవి. ఒకటి 'కాంకర్డ్', అనగా యుద్ధములో జయించి తీసికొనబడినది. ఉత్తర హిందూస్థానమున అవధు నవాబు 1801లో వదలిన జిల్లాలను, 1803లో మరాఠాలను ఓడించి గెలుచుకొనిన జిల్లాలను కలిపి 'సీడెడ్ అండ్ కాంకర్డ్ ప్రావిన్సెస్' అని వ్యవహరించిరి. అచ్చట ఒక విశేషణము రెండవదానికి ప్రతియోగిగ నిలిచి, ఏ నేల ఏ విధముగ వచ్చినదో చెప్పుచుండెను. రెండవ పొరుగు పదము 'అసైన్డ్'. 1853లో నిజాము బీరారును కంపెనీ వశము చేసినపుడు ఆ ప్రాంతమునకు 'హైదరాబాదు అసైన్డ్ డిస్ట్రిక్ట్స్' అని పేరు వచ్చినది. అచ్చట పరిపాలన మాత్రము చేతులు మారెను. నిజాము సార్వభౌమత్వము పేరునకైనను మిగిలియుండెను.

ఈ భేదము మన ప్రాంతపు రైతులకు క్రొత్తది కాదు. ప్రభుత్వము పేదలకు కేటాయించిన 'అసైన్డ్' భూమికిని, సొంత పట్టా భూమికిని గల తారతమ్యము కోవెలకుంట్లలోనైనను, జమ్మలమడుగులోనైనను ఎల్లవారికిని తెలియును. సాగు చేసికొను హక్కు ఒకటి, అమ్ముకొను హక్కు మరొకటి. అసైన్డ్ భూముల అన్యాక్రాంతమును నిషేధించుచు 1977లో చట్టమే వచ్చెను. అయినను 'అసైన్డ్' భూమియు 'ఇచ్చిన' భూమియే, 'సీడెడ్' భూమియు 'ఇచ్చిన' భూమియే. రెండింటికిని 'దత్త' అను ఒక్క మాటనే వాడినచో ఆంగ్ల పదములు ప్రయత్నపూర్వకముగ వేరుపరచిన రెండు స్థితులు తెలుగులో ఒకటైపోవును. అనువాదమునందు కలిగిన మొదటి నష్టము ఇది.

ఇక ఒడంబడిక సంగతి. 1798లో కుదిరిన ఒప్పందము ప్రకారము కంపెనీ సైన్యమును పోషించుటకై నిజాము అలీఖాను ఏటేట రొక్కము చెల్లింపవలసియుండెను. 1800 అక్టోబరు 12వ తేదీనాటి ఒడంబడికలో ఆ సైన్యము పెంపబడినది. రొక్కమునకు బదులుగ భూభాగము శాశ్వతముగ వదలబడినది. అట్లు వదలబడినవి ముఖ్యముగ టిప్పూ సుల్తానునుండి నిజాము వంతునకు వచ్చిన ప్రదేశములు. వానిలో కడప ప్రాంతము 1792 నాటి శ్రీరంగపట్టణపు సంధిచేతను, గుత్తి, గుఱ్ఱంకొండ ప్రాంతములు 1799 నాటి పంపకముచేతను నిజామునకు లభించినవి. ఆదోని మాత్రము తుంగభద్రకు ఉత్తరమున నున్న కొన్ని ప్రదేశములకు మారుగ ఇయ్యబడినది. నది సరిహద్దుగ నుండవలెనని ఆ మార్పు చేసికొనిరి. అనగా, ఒక్క 'సీడెడ్' అను విశేషణము క్రింద ఎనిమిదేండ్లు చేతనుండినదియు, ఒక్క ఏడాది చేతనుండినదియు, మార్పిడి చేసికొనబడినదియు ఒకటిగ చేరినవి. నిజాము ఏలుబడి ఇచ్చట వేళ్లూనియుండలేదు. తన తాతతండ్రుల సొత్తును ధారపోసెనను భావమునకు చరిత్రలో ఆధారము లేదు.

ఈ ఒడంబడికలో క్రియకు కర్త నిజాము, సంప్రదానము కంపెనీ, కర్మ భూమి. ఆ భూమిని అనుభవించుచున్నవారు వాక్యమున ఎచ్చటను లేరు. 1800 మొదలు 1807 వరకు ప్రధాన కలెక్టరుగ నుండిన తామస్ మన్రో ఇచ్చటికి వచ్చునప్పటికి ఎనుబదిమంది వరకు పాళెగాండ్రు తమ తమ పాళెములలో నుండిరి. వారిలో పలువురు తమ అధికారమును కోల్పోయిరి. కొందరికి భరణము లేర్పడినవి. ఆ భరణములలో ఒకదాని విషయమై పుట్టిన తగవు 1846లో ఉయ్యాలవాడ నరసింహారెడ్డి తిరుగుబాటునకు ఒక కారణమైనది. 1847లో కోవెలకుంట్లవద్ద ఆయనను ఉరితీసిరి. ఒడంబడికలోని 'సీడెడ్' అను మాట రెండు ప్రభుత్వముల నడుమ సంగతిని ముగించినది గాని, నేలకును మనుష్యునకును గల సంబంధమును ముగింపలేదనుటకు ఇది నిదర్శనము.

ఇంతవరకు చెప్పినది మొదటి ప్రయోగము. ఇచ్చట 'సీడెడ్' అనునది క్రియాజన్య విశేషణము. దాని వెనుక తేదీతో కూడిన ఒక సంఘటన ఉన్నది. రెండవ ప్రయోగమున అది సంజ్ఞలో భాగమైనది. 'సీడెడ్ డిస్ట్రిక్ట్స్' అనునది ఒక పరిపాలనా విభాగమునకు పేరైనది. 1808లో ఆ విభాగము బళ్లారి, కడప అను రెండు జిల్లాలుగ విడిపోయినను సమష్టి నామము నిలిచినది. సంజ్ఞ యైన పిదప విశేషణము తన అర్థమును పాటింపవలసిన పనిలేదు. 1792లో టిప్పూ కంపెనీకి బారామహలును, దిండిగల్లును, మలబారును వదలెను. అవియు సీడెడ్ ప్రదేశములే. కాని వానికి ఆ పేరు నిలువలేదు. అంతకంటె గమనింపదగిన సంగతి మరొకటి కలదు. ఇదే నిజాము అలీఖాను 1766లో ఉత్తర సర్కారులను కంపెనీకి ఒడంబడికచేతనే వదలెను. అయినను గోదావరి, కృష్ణా తీరములను ఎవరును 'దత్తమండలములు' అనలేదు. వానికి 'సర్కారులు' అను సమష్టి నామము అంతకు ముందే ఉన్నది. తుంగభద్రకు దక్షిణమున నున్న ఈ నేలకు అట్టి ఒక్క పేరు దొరకకపోవుటచేతనే ఒడంబడికలోని విశేషణము పేరుగ నిలిచిపోయినదని మాకు తోచుచున్నది.

పేరు లేకపోవుట యనగా నేలకు పేర్లే లేవని కాదు. కడప జిల్లా కలమళ్ల శాసనము, తెలుగు శాసనములలో అత్యంత ప్రాచీనమైనదిగ ఎన్నబడునది, రేనాటిని పేర్కొనుచున్నది. ములికినాడు, పొత్తపినాడు మొదలగు నాడులు ఉన్నవి. విజయనగర కాలమున గండికోట సీమ, సిద్ధవటపు సీమ, ఉదయగిరి సీమ అను విభాగములు వెలసినవి. 19వ శతాబ్ది ఆరంభమున కర్నల్ మెకంజీ సేకరింపజేసిన కైఫీయతులు ఈ స్థానిక నామములను భద్రపరచినవి. ఇవి యన్నియు నేలను లోపలినుండి చూచి పెట్టిన పేర్లు. 'సీడెడ్' అనునది నేలను బయటినుండి, కొనుగోలు పత్రము చూచినట్లు చూచి పెట్టిన పేరు. ఆరవ శతాబ్ది రేనాటి చోళులను గూర్చి వ్రాయుచు 'దత్తమండలములను ఏలిన చోళులు' అనుట కాలదోషము. విద్యార్థి రేనాడు అని వ్రాసినచో స్పష్టతయు, సత్యమును రెండును దక్కును.

సంజ్ఞకును, అర్థమునకును గల ఎడము ఎంత పెరిగినదో కర్నూలే చెప్పగలదు. 1800లో కర్నూలు నవాబు రాజ్యము కంపెనీకి వదలబడలేదు. ఆ నవాబునుండి పేష్కషు పొందు హక్కు మాత్రము నిజామునుండి కంపెనీకి మారినది. 1839లో గులాం రసూల్ ఖానును పదభ్రష్టుని గావించి కంపెనీవారు కర్నూలును తీసికొనిరి. అది ఆక్రమణమే గాని, ఒడంబడిక మూలముగ వదలుట కాదు. 1858లో కర్నూలు జిల్లా యేర్పడినపుడు నవాబు రాజ్యముతో కంభము, మార్కాపురము, కోవెలకుంట్ల, పత్తికొండ తాలూకాలు కలిసినవి. ఆ జిల్లా నడుమ బనగానపల్లె సంస్థానము 1948 వరకు వేరుగనే నిలిచియుండెను. 1911లో ఏర్పడిన చిత్తూరు జిల్లాలో అధిక భాగము ఆర్కాటు నవాబు పాలననుండి 1801లో కంపెనీకి వచ్చినది. కడపనుండి చేరిన మదనపల్లె, వాయల్పాడు తాలూకాలు మాత్రమే సీడెడ్ భాగములు.

మరియొక ప్రక్క చూడుడు. బళ్లారి ముమ్మాటికి సీడెడ్ జిల్లా. 1953లో ఆదోని, ఆలూరు, రాయదుర్గము తాలూకాలు ఆంధ్ర రాష్ట్రమున నిలువగా, బళ్లారి మైసూరులో చేరినది. మార్కాపురము, కంభము, గిద్దలూరు ప్రాంతములు సీడెడ్ ప్రదేశములే. 1970లో అవి ఒంగోలు కేంద్రముగ నేర్పడిన జిల్లాలో చేరినవి. కర్నూలు పట్టణము ఒడంబడికలో వదలబడలేదు, కాని 1953 మొదలు 1956 వరకు ఆంధ్ర రాష్ట్రమునకు రాజధానియై రాయలసీమకు ముఖపట్టణముగ ఎన్నబడినది. కావున 'దత్తమండలములు', 'రాయలసీమ' అను రెండును సమానార్థకములు కావు. ఒకదాని ఎల్లలు 1800లో గీయబడినవి. మరొకదాని ఎల్లలు ఇరువదవ శతాబ్దిలో రూపొందినవి. ఒకదానికి బదులు మరొకదానిని వాడినపుడెల్ల కొన్ని తాలూకాలు చేరరాని చోట చేరుచున్నవి, మరికొన్ని జారిపోవుచున్నవి.

ఇప్పుడు 'దత్త' శబ్దమును విచారింతము. రూపమునుబట్టి చూచినచో అనువాదము నిర్దుష్టము. 'సీడెడ్' కర్మార్థకమగు భూతకాలిక విశేషణము. 'దా' ధాతువుపై క్తప్రత్యయము చేరగా ఏర్పడిన 'దత్త'యు అట్టిదే. రెండు పదములును కర్తను వాక్యమునుండి తప్పించును. తెలుగున 'ఇచ్చిన' అన్నచో 'ఎవరు ఇచ్చిన?' అను ప్రశ్న వెంటనే పుట్టును. 'దత్త' అన్నచో అంత సులభముగ పుట్టదు. అర్థమునుబట్టి చూచినచో మాత్రము ఎడము కానవచ్చును. 'దత్త' శబ్దము వినగానే తెలుగువానికి దానము, దత్తత అను రెండు భావములు స్ఫురించును. దానమున దాతకు పుణ్యము కలదు. దత్తతలో శిశువును ఇచ్చువారు తల్లిదండ్రులు. ఒడంబడికలో ఈ రెండును లేవు. 'వదలిన', 'విడిచిన', 'ఒప్పగించిన' అను మాటలు మూలార్థమునకు సన్నిహితములు.

అయినను 'దత్త' శబ్దమును పూర్తిగ తప్పుపట్టుట న్యాయము కాదు. ధర్మశాస్త్రములలో అది పారిభాషిక పదము. నారదస్మృతి 'దత్తాప్రదానికము' అను వ్యవహారపదమున ఇచ్చుటను గూర్చి సూక్ష్మముగ విచారించినది. అందు దత్తము ఏడు విధములు. వానిలో వస్తువునకు మూల్యముగ ఇచ్చినదియు, భృతిగ ఇచ్చినదియు చేరియున్నవి. భయముచేతను, క్రోధముచేతను, లంచముగను, పరిహాసముగను ఇచ్చినవి మొదలగునవి పదునారు విధముల అదత్తములు. అవి ఇయ్యబడినను ఇయ్యబడనట్టివే. ఈ పరిభాషను 1800 నాటి ఒడంబడికకు అన్వయించినచో, సైన్యపు ఖర్చునకు బదులుగ ఇయ్యబడిన భూమి భృతి యను దత్తమునకు దగ్గరగ వచ్చును. నిజాము కంపెనీ బలమునకు లోబడి ఇచ్చెనని వాదించువారికి అది అదత్తమగును. ఏ పక్షము వహించినను దానమను అర్థము మాత్రము పొసగదు. 'దత్త' శబ్దమున కంత లోతు కలదు. కాని ఆ శబ్దమును వాడిన పత్రికలుగాని, విన్న ప్రజలుగాని స్మృతిపరిభాషతో వినలేదు. వారికి వినిపించినది ఎవరో ఎవరికో ఇచ్చివేసిన నేల యని మాత్రమే.

మూడవ ప్రయోగము ఇచ్చటనే పుట్టినది. సంఘటన మరుగుపడిన కొలది విశేషణము నేలకు గుణమైపోయినది. కరవులు తరచుగ వచ్చు ఈ జిల్లాలకు 'దత్త' అను మాట నిర్లక్ష్యమునకు, వెనుకబాటునకు సంకేతమైనది. 1928 నవంబరులో నంద్యాలలో ఆంధ్ర మహాసభతో పాటు దత్తమండల సభయు జరిగినపుడు చిలుకూరి నారాయణరావు ఆ పేరును విడిచి 'రాయలసీమ' అను పేరును ప్రతిపాదించిరి. ఆయన ఉత్తరాంధ్రమునుండి వచ్చి అనంతపురమున ఆంధ్రోపన్యాసకులుగ నుండినవారు. తరువాత ఆంధ్రభాషా చరిత్రమును రచించినవారు. ఆయన పనిచేసిన కళాశాల 1916లో స్థాపితమైనపుడు దాని పేరే సీడెడ్ డిస్ట్రిక్ట్స్ కళాశాల. నిత్యము ఆ పేరుగల ద్వారమున ప్రవేశించు భాషావేత్త దానిని మార్చవలెనని కోరుట యాదృచ్ఛికమని మేము తలపము. క్రొత్త పేరు తెలుగువారి నామకరణ సంప్రదాయమునకు తిరిగివచ్చినది. గండికోట సీమ ఎట్టిదో రాయల సీమయు అట్టిది. అందు సంఘటన లేదు, సంబంధము కలదు. తొమ్మిదేండ్లకు, 1937 నవంబరు 16వ తేదీనాటి శ్రీబాగు ఒడంబడికలో ఆ పేరే వాడబడినది. ఒక ఒడంబడిక ఇచ్చిన పేరు పోయి, మరొక ఒడంబడికలో ఈ నేల తాను కోరుకొనిన పేరుతో నిలిచినది.

విశేషణము అంతటితో అంతరించినదా యనిన, లేదు. నాలుగవ ప్రయోగము నేటికిని సజీవము. చలనచిత్రముల పంపిణీ వ్యాపారమున రాయలసీమ ప్రాంతమును 'సీడెడ్' అనియే వ్యవహరింతురు. 'సీడెడ్ హక్కులు', 'సీడెడ్‌లో వసూళ్లు' అను మాటలు గోడపత్రికలు చూచు బాలునకును పరిచితములు. ఇచ్చట 'డిస్ట్రిక్ట్స్' అను విశేష్యము రాలిపోయి, విశేషణమే నామవాచకమై, తెలుగు విభక్తులను గ్రహించినది. వాడువారిలో అధికులకు 1800 నాటి సంగతి తెలియదు, తెలియనవసరమును లేదు. ఆ వ్యాపారమున 'నైజాము' అనునదియు ఒక ప్రాంతము పేరు. ఇచ్చినవాని పేరు, ఇయ్యబడినదాని పేరు ఇన్నేండ్ల తరువాతను లెక్కల పుస్తకమున పక్కపక్కనే నిలిచియున్నవి. ఇట్టి పదమును ఆంగ్లమని త్రోసివేయక, వ్యవహారమున స్థిరపడిన తెలుగు నామముగ నిఘంటుకర్తలు స్వీకరింపవలెను.

ఇది యంతయు పదములపై పట్టుదల యని కొందరు అనవచ్చును. 'దత్తమండలము' అను మాటలో ఈ ప్రాంతపు వేదన ఉన్నది, దానిని తొలగించినచో ఆ వేదనకు సాక్ష్యము పోవునని మరికొందరు అనవచ్చును. రెండవ ఆక్షేపణ బలమైనది. మేము ఆ మాటను తొలగింపుమనుట లేదు. దాని కాలమున దానిని ఉంచుమనుచున్నాము. ఒడంబడికను, మన్రో పాలనను చెప్పునపుడు సీడెడ్ జిల్లాలు అని సంవత్సరముతో సహా చెప్పుట మేలు. 1928కి పూర్వపు పత్రికలను, సభలను ప్రస్తావించునపుడు 'దత్తమండలములు' అనునది వారి మాటగ ఉదాహరింపదగినది. 1800కు పూర్వమునకు నాడుల, సీమల పేర్లు ఉన్నవి. మరియొక హెచ్చరిక: 1985లో మండల వ్యవస్థ యేర్పడిన పిదప 'మండలము' అనగా నేటి విద్యార్థికి తాలూకా కంటె చిన్న విభాగము తోచును, 'దత్తమండలములు' చదివి ఏయే మండలములు ఇచ్చిరని వెదకువారు ఉండవచ్చును. అధ్యాపకులు ఈ ఒక్క మాటను తరగతిలో విప్పి చెప్పవలెను.

'ఈ ప్రాంతమును నిజాము దానమిచ్చెను' అను వాక్యము విద్యార్థి వ్రాతలో కనబడినపుడు, అది చరిత్రనుండి పుట్టినదా, సమాసము నుండి పుట్టినదా యని అడుగుట పరీక్షకుని విధి. మా విచారణలో అది సమాసము నుండియే పుట్టినది. వదలినవాడు నిజాము, పుచ్చుకొనినది కంపెనీ. ఆ పత్రమున కర్నూలు, కడప జిల్లాల ప్రజలు సంతకము చేయలేదు. వారు తమ నేలకు పేరు పెట్టుకొనినది నంద్యాలలో. పరిశోధకుడు ఏ పేరు వ్రాసినను, అది ఎవరు పెట్టిన పేరో ఎరిగి వ్రాయవలెనని మా మనవి.